నెలకో శనివారం మీ గోడలు మాకివ్వండి

తార్నాక నుంచి ఉప్పల్ దాకా, లాలాపేట్, నాచారం, హబ్సిగూడల్లో కోవర్కింగ్ స్పేస్‌లు నడుపుతున్న యజమానులకు, మేనేజర్లకు,



మీ దగ్గర గోడలున్నాయి. ఈ చుట్టుపక్కల ఇళ్లలో గోడకెక్కని బొమ్మలున్నాయి. వాటిని చూడగల జనం మెట్రో మెట్లు దిగి రోజూ మీ గుమ్మం ముందు నుంచే పోతున్నారు. ఈ మూడింటినీ నెలకో సాయంత్రం ఒకచోట చేర్చండని అడగడానికే ఈ ఉత్తరం. ఒక్కరితో అయ్యే పని కాదు, మీరంతా కలిస్తేనే అవుతుంది. అందుకే బహిరంగంగా రాస్తున్నాను.

నేను లాలాపేట్ వాసిని. పిల్లలకు డ్రాయింగ్ నేర్పుతాను. తెలిసినవాళ్ల ఎగ్జిబిషన్ ఎక్కడ జరిగినా ముందురోజు రాత్రి నిచ్చెన పట్టుకునేవాళ్లలో, తెల్లారి లేబుళ్లు అతికించేవాళ్లలో నేనూ ఒకదాన్ని.

మన నగరంలో బొమ్మలు చూడాలంటే పడమటికి పోవాలి. స్టేట్ గ్యాలరీ ఆఫ్ ఆర్ట్ మాదాపూర్‌లో ఉంది. పేరున్న ప్రైవేటు గ్యాలరీలు ఎక్కువగా బంజారాహిల్స్, జూబ్లీహిల్స్‌లో ఉన్నాయి. ఫైన్ ఆర్ట్స్ నేర్పే జేఎన్‌ఏఎఫ్‌ఏయూ మాసబ్ ట్యాంక్‌లో, సెంట్రల్ యూనివర్సిటీ సరోజినీ నాయుడు స్కూల్ గచ్చిబౌలిలో. మనవైపు 2019లో ఉప్పల్ భగాయత్‌లో మినీ శిల్పారామం వచ్చింది. చేనేత, హస్తకళల అంగళ్లకూ నృత్య ప్రదర్శనలకూ అది చక్కని చోటు. కానీ పాతిక కాన్వాసులు వరసగా గోడకు పెట్టి, లైటు వేసి, పక్షం రోజులు నిలిపి చూపించే పని వేరు. దానికి గది కావాలి, తాళం కావాలి, చూసుకునే మనిషి కావాలి. ఈ మూడూ మీ దగ్గర ఉన్నాయి.

నాచారంలో ఉండే చిత్రకారిణి మాదాపూర్‌లో షో పెట్టాలంటే ఏం చేస్తుందో మీరు ఒకసారి చూడాలి. ట్రాలీ ఆటో మాట్లాడుతుంది. ఒక్కో కాన్వాసును పాత చీరలో చుట్టి, మూలలకు అట్టముక్కలు కట్టి, బొమ్మకూ బొమ్మకూ మధ్య దుప్పటి దూర్చి, తాడు బిగించి, తనూ వెనకాలే కూర్చుంటుంది. మెట్టుగూడ, సికింద్రాబాద్, బేగంపేట, పంజాగుట్ట. దారిలో నాలుగు చినుకులు పడితే ప్రాణం గిలగిల్లాడుతుంది. షో అయ్యాక అమ్ముడుపోని బొమ్మలన్నీ అదే దారిన వెనక్కి వస్తాయి. ఇంత చేసినా, ఆమె పక్కింటివాళ్లు ఒక్కరు కూడా ఆ షో చూసి ఉండరు. ఖర్చు సంగతి కన్నా నాకు ఈ సంగతే ఎక్కువ బాధ. ఏ వీధిలో కూర్చుని వేసిందో ఆ వీధికి ఆమె చిత్రకారిణి అని తెలియదు.

ఈ తూర్పు దిక్కు పని చేసి బతికే చోటు. 1893లో నిజాం రైల్వే లాలాగూడలో క్యారేజ్ వర్క్‌షాపు పెట్టింది. లాలాపేట్ అనగానే విజయ డెయిరీ పాల ఫ్యాక్టరీ గుర్తుకొస్తుంది. నాచారం, మల్లాపూర్, ఉప్పల్ పారిశ్రామికవాడలు సరేసరి. ఎన్టీ రామారావు కట్టిన రామకృష్ణ సినీ స్టూడియో నాచారంలోనే. కూనూరు నుంచి 1958లో తరలివచ్చిన జాతీయ పోషకాహార సంస్థ, ఐఐసీటీ, సీసీఎంబీ, ఎన్‌జీఆర్‌ఐ అన్నీ తార్నాక, హబ్సిగూడల చుట్టూనే. 2017 నవంబరులో నాగోలు నుంచి మెట్రో కదిలింది; 2019 నవంబరు నాటికి అదే లైను రాయదుర్గం చేరింది. ఐటీ అంతా పడమర ఒక్కచోటే పోగుపడకుండా చూడాలని 2020లో రాష్ట్ర ప్రభుత్వం ‘గ్రిడ్’ విధానం తెచ్చింది. ఆ మరుసటి ఏడాదే ఉప్పల్ ఎన్‌ఎస్‌ఎల్ అరీనాలో పారిశ్రామిక స్థలాల్ని ఐటీ పార్కులుగా మార్చుకునే అనుమతి పత్రాలు ఇచ్చారు. ఆ వరసలో మీరూ వచ్చారు. డెస్కులు వచ్చాయి, మీటింగ్ రూములు వచ్చాయి, ఈవెంట్ హాళ్లు వచ్చాయి. బొమ్మలకు చోటు మాత్రం పడమటే ఉండిపోయింది.

పనిచేసే జనం దగ్గరికి బొమ్మే నడిచి రావడం తెలంగాణకు కొత్త కాదు. చేర్యాల నకాషీలు పటాలు రాసింది ఏ దొర మేడలోనో వేలాడదీయడానికి కాదు. ఖాదీ బట్టకు గంజి, సుద్దమట్టి, చింతగింజల అంబలి కలిపి పట్టించి, ఆరబెట్టి, ఎర్రటి రంగు మీద వరసలు వరసలుగా కథ రాసేవాళ్లు. కూనపులివాళ్లు ఆ పటం తీసుకొని పద్మశాలీల వాడకు వచ్చి మార్కండేయ పురాణం చెప్పేవాళ్లు. డక్కలివాళ్లు మాదిగవాడలో జాంబపురాణం చెప్పేవాళ్లు. పటం గజాల కొద్దీ పొడవు. చుట్ట కొంచెం కొంచెం విప్పుతూ బొమ్మ బొమ్మ మీదా కర్ర ఆనించి కథ నడిపిస్తుంటే, పగలంతా మగ్గం గుంటలో కూర్చున్న మనిషి రాత్రి తన వాకిట్లోనే తన కులపురుషుడి కథ కళ్లారా చూశాడు. అర్థం కాకపోతే అడగడానికి చెప్పేవాడు ఎదురుగానే ఉన్నాడు. మీ హాళ్లలో జరగాలని నేను కోరుకునే ప్రివ్యూ, అంటే షో తెరిచే సాయంత్రం, ఇలాంటిదే. వేసినవాళ్లు నిలబడి ఉండాలి, చూసేవాళ్లు నేరుగా అడగగలగాలి.

పారిస్ సంగతి కూడా చెప్పాలి. 1874 ఏప్రిల్ 15న మోనే, రెన్వా, డెగా, పిస్సారో, బెర్త్ మోరిసో మొదలైన ముప్పై మంది కలిసి ఒక షో తెరిచారు. సలోన్ అనే అధికారిక ప్రదర్శన వాళ్ల బొమ్మల్ని తిప్పి పంపుతూ ఉంటే, ఆ సలోన్‌తో పని లేకుండా తామే చూపించుకుందామని అనుకున్నారు. వాళ్లకు దొరికిన చోటు, నాడార్ అనే ఫోటోగ్రాఫర్ అప్పటిదాకా పనిచేసుకున్న స్టూడియో. అది గ్యాలరీ కాదు, పని గదులు. నెలరోజులు నడిచింది, టికెట్ ఒక ఫ్రాంకు. ఇంప్రెషనిజం అనే పేరు ఆ షోను వెక్కిరిస్తూ రాసిన రాతల్లోంచే పుట్టిందని ఆర్ట్ కాలేజీలో చదివినవాళ్లందరికీ తెలుసు. నాకు అంతకన్నా నచ్చిన సంగతి ఆ షో వేళలు. పగలు పది నుంచి ఆరు దాకా, మళ్లీ రాత్రి ఎనిమిది నుంచి పది దాకా. పగలు పనిలో ఉన్నవాళ్లకూ తలుపు తెరిచే ఉంచారు.

దూరం పోనక్కర్లేదు. రామ్‌మనోహర్ లోహియా మాట మీద ఎం.ఎఫ్. హుస్సేన్ రామాయణం బొమ్మలకు పూనుకుంటే, హైదరాబాద్‌లో తన ఇంట్లో చోటిచ్చినాయన బద్రీ విశాల్ పిట్టీ. ఆయన వ్యాపార కుటుంబం మనిషే. 2010లో బంజారాహిల్స్‌లో ఒక మామూలు ఇంటి వాకిలి తెరిస్తే లామకాన్ అనే సాంస్కృతిక వేదిక అయింది. కొచ్చి బియనాలే 2012లో మొదలైనప్పుడు ఆస్పిన్‌వాల్ కంపెనీ పాత గోదాముల్లోనే బొమ్మలు నిలబడ్డాయి. చోటు ఉన్నవాళ్లు సరేనన్నచోటల్లా పని జరిగింది.

మీలో కొందరు ఇప్పటికే బొమ్మలు పెడుతున్నారు, చూశాను. రిసెప్షన్ వెనక ఒకటి, ప్యాంట్రీలో రెండు. మంచిదే, కానీ దాన్ని ఎగ్జిబిషన్ అనొద్దు. వేసినవాళ్ల పేరు ఉండదు, ధర ఉండదు, ఎప్పుడు దించుతారో వేసినవాళ్లకే తెలియదు. నాకు తెలిసిన ఒక యువ చిత్రకారుడి నీటిరంగు బొమ్మలు ఒక ఆఫీసులో పడమటి అద్దానికి ఎదురుగా నెలల తరబడి ఉండిపోయాయి. దించి ఫ్రేము విప్పితే, అంచు కింద దాగిన సన్నటి పట్టీలో నీలం నీలంగానే ఉంది. మిగతా ఆకాశమంతా బూడిదరంగు. ఆ పట్టీ వైపు చూస్తూ ఆ పిల్లాడు చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. ఎవరికీ చెడు ఉద్దేశం లేదు. బొమ్మను కుండీలో మొక్కలా గదికి అందం అనుకున్నారు, అంతే.

కాబట్టి కొంచెం పని నేర్చుకోవాలి. కాగితం మీద వేసిన బొమ్మకు 50 లక్స్ వెలుతురు చాలంటాయి మ్యూజియంలు. తైలవర్ణాలకు 200 దాకా ఒప్పుకుంటాయి. ఆఫీసు బల్లల మీద మామూలుగా 300 నుంచి 500 ఉంటుంది. అందుకని నీటిరంగులు, ఇంకు బొమ్మలు, ప్రింట్లు లోపలి కారిడార్‌లో పెట్టాలి. కాన్వాసులు బయటి హాల్లో పెట్టొచ్చు. ఏదైనా సరే నెల దాటకుండా దించాలి. ఏసీ గ్రిల్లు కింద ఏదీ పెట్టొద్దు, ఎప్పుడో ఒకప్పుడు నీళ్లు కారతాయి. మీ పార్టిషన్లు చాలావరకు జిప్సం బోర్డు, దానికి మేకు నిలవదు. పెద్ద ఫ్రేము సాయంత్రం బాగానే కనిపిస్తుంది, తెల్లారేసరికి నేల మీద ఉంటుంది. డబుల్ సైడ్ టేపు మాట అసలు ఎత్తొద్దు. స్లాబుకు బిగించిన ఒక పట్టీ, దానికి వేలాడే తీగలు, హుక్కులు వేయించండి. ఒక్కసారి పెట్టే ఖర్చు, ఆ తర్వాత ఎన్ని షోలు జరిగినా గోడకు చిల్లు పడదు. బొమ్మ నడిమధ్య నేల నుంచి అయిదడుగులకు కాస్త తక్కువ ఎత్తులో ఉంటే అందరి కంటికీ ఆనుతుంది.

లైటు గురించి ఇంకో మాట. చవక ఆఫీసు లైట్ల కింద ఎరుపు చచ్చిపోతుంది. మన బొమ్మకు ఎరుపే ప్రాణం. చేర్యాల పటం చూడండి, తోట వైకుంఠం గారు వేసే ఆడవాళ్ల బొట్టు చూడండి. రంగును ఉన్నదున్నట్టు చూపే స్పాట్‌లైట్లు నాలుగు కొన్నా ఆ గోడ మారిపోతుంది.

వీటికన్నా ముఖ్యమైంది తలుపు. ఒక కోవర్కింగ్ ఆఫీసులో మా వాడ అమ్మాయి బొమ్మలు పెట్టారు. వాళ్ల నాన్న రైల్వే వర్క్‌షాపులో పనిచేసి రిటైరైన మనిషి. ఇస్త్రీ చొక్కా వేసుకొని టైముకు ముందే వచ్చాడు. రిసెప్షన్‌లో ట్యాబ్ ఉంది. పేరు, ఫోన్ నంబరు, ఓటీపీ, ఫోటో. ఆ తర్వాత ‘ఎవరిని కలవాలి’, ‘ఏ కంపెనీ’. ఆ రెండూ నింపకపోతే ముందుకు పోదు. “బొమ్మలు చూద్దామని వచ్చిన బిడ్డా, ఎవర్నని రాయాలె?” అని నన్నడిగాడు. కూతురి పేరు రాద్దామంటే ఆమె అక్కడ మెంబరు కాదు, జాబితాలో లేదు. సెక్యూరిటీ అబ్బాయిని ఏమనగలం, తనకు చెప్పిన పని తను చేస్తున్నాడు. నేను పైకి పోయి మేనేజర్‌ను పిలుచుకొచ్చేదాకా ఆయన ఆ సోఫా అంచున కూర్చున్నాడు. కూతురి మొదటి షోలో ఒక తండ్రి అలా కూర్చోకూడదు.

షో ఉన్న సాయంత్రం ఆ ట్యాబ్ పక్కన పెట్టేయండి. ఒక నోటుపుస్తకం, పెన్ను చాలు. వచ్చినవాళ్లు పేరు రాస్తారు, తోస్తే బొమ్మల గురించి రెండు ముక్కలు రాస్తారు. ఆ పుస్తకం చిత్రకారుడికి ఇవ్వండి. గేటు బయట రోడ్డు మీదికి కనపడేలా తెలుగులో ఒక బోర్డు పెట్టండి: బొమ్మల ఎగ్జిబిషన్, అందరూ రావచ్చు, టికెట్ లేదు. బొమ్మ పక్కన లేబుల్ కూడా తెలుగులో ఉండాలి. ఉర్దూలో కూడా రాస్తే మా లాలాపేట్‌కు ఇంకా బాగుంటుంది.

ప్రివ్యూ అంటే కొనగలిగిన పదిమందికేనని కొందరంటారు. కొనేవాళ్లను పిలవడంలో తప్పేమీ లేదు. బొమ్మ అమ్ముడుపోవాలి, వేసినవాళ్ల ఇల్లు గడవాలి. వాళ్లను ఒక గంట ముందు పిలవండి, తీరిగ్గా చూసుకోనివ్వండి. ఆ తర్వాత తలుపు అందరికీ తెరవండి. చాయ్, సమోసా చాలు. మీ బిల్డింగు ఊడ్చే అక్కలను, ప్యాంట్రీ తమ్ముళ్లను, సెక్యూరిటీవాళ్లను పేరు పెట్టి పిలవండి, డ్యూటీ మీద కాకుండా అతిథులుగా. షో ఉన్నన్నాళ్లూ ఆ బొమ్మల్ని అందరికన్నా ఎక్కువ చూసేది వాళ్లే. తడిగుడ్డ తగలకుండా కాపాడేదీ వాళ్లే.

ఇక డబ్బు, కాగితం. గ్యాలరీలు అమ్మిన బొమ్మ మీద సాధారణంగా మూడోవంతు నుంచి సగం దాకా తీసుకుంటాయి. అందుకు బదులుగా కొనేవాళ్లను వెతుకుతాయి, కేటలాగు వేస్తాయి, ఏళ్ల తరబడి ఆ చిత్రకారుణ్ణి నిలబెడతాయి. మీరు ఆ పని చేయబోవడం లేదు, కాబట్టి ఆ వాటా అడగడం న్యాయం కాదు. అమ్మకం మీద పది శాతం తీసుకోండి, లేదంటే ఆ సాయంత్రం కరెంటు, హౌస్‌కీపింగ్ ఖర్చు తీసుకోండి. హాలు కిరాయి మాత్రం అడగొద్దు. ‘మీకు పేరొస్తుంది కదా’ అని ఉచితంగా గోడ నింపించుకోవడం అంతకన్నా వద్దు.

ఒక్క పేజీ ఒప్పందం చాలు. ఎన్ని బొమ్మలు, ఏ బొమ్మ ధర ఎంత, ఏ తేదీన దించాలి, దెబ్బతింటే ఎవరు కట్టాలి, బీమా ఎవరు చేయించాలి, ఫోటోలు మీ ప్రకటనల్లో వాడుకోవచ్చా వద్దా. ఆ చివరి అంశాన్ని తేలిగ్గా తీసుకోవద్దు. చిత్రకారుడు తనంతట తాను వేసుకున్న బొమ్మ అమ్ముడుపోయినా, రాసివ్వనంతవరకు దాని కాపీరైటు ఆయనదే.

గోడ మీదే మ్యూరల్ వేయించుకోవాలనుకునేవాళ్లు ఢిల్లీ విజ్ఞాన్ భవన్ కేసు తెలుసుకోవాలి. శిల్పి అమర్‌నాథ్ సెహగల్ అక్కడ ఏళ్ల తరబడి కష్టపడి పెద్ద కంచు మ్యూరల్ చేశాడు. 1979లో ఆయనతో ఒక్క మాట చెప్పకుండా దాన్ని ఊడదీసి స్టోర్‌లో పడేశారు. ఆయన కోర్టుకెక్కాడు. 2005లో ఢిల్లీ హైకోర్టు, కాపీరైట్ చట్టం 57వ సెక్షన్ ప్రకారం కళాకారుడికి తన పని మీద నైతిక హక్కు ఉంటుందని చెప్పి, మిగిలినదాన్ని ఆయనకు తిరిగివ్వమనీ అయిదు లక్షల పరిహారం కట్టమనీ తీర్పు ఇచ్చింది. అవతల ఉన్నది కేంద్ర ప్రభుత్వం. మీ దగ్గర కిరాయిదారు మారితే గోడ రంగు మారుతుంది, అది మీ వ్యాపారంలో రోజూ ఉండేదే. అందుకే వేయించేముందే ఎన్నేళ్లు ఉంచుతారో చెప్పండి. సున్నం వేసేముందు వేసినవాళ్లకు ఫోన్ చేయండి, కనీసం ఫోటో తీసుకోనివ్వండి.

మీ మెంబర్లు ఒప్పుకోరేమోనన్న జంకు సమంజసమే. నెలనెలా డబ్బు కట్టేవాళ్లకు ప్రశాంతత కావాలి. కొందరి కంప్యూటర్ మీద క్లయింటు లెక్కలుంటాయి, అవి పరాయివాళ్ల కంటపడకూడదు. అందుకే కేబిన్ల జోలికీ డెస్కుల జోలికీ పోవద్దంటున్నాను. రిసెప్షన్, కేఫ్, ఈవెంట్ హాలు, వాటిని కలిపే కారిడార్, అంతే. మిగతా రోజుల్లో బొమ్మలు మీ మెంబర్లకు, శనివారం సాయంత్రం ఊరందరికీ.

ఏం చూపిస్తారని అడిగితే, తడుముకోకుండా ఏడాదికి సరిపడా చెప్పగలను. లాలాగూడ వర్క్‌షాపులో పనిచేసిన కుటుంబాల ఇళ్లలో ఉన్న పాత ఫోటోలు. ఫ్లెక్సీలు రాకముందు సినిమా బ్యానర్లు చేత్తో రాసిన పెద్దవాళ్లు. వాళ్లలో చాలామంది ఇప్పుడు కుంచె పట్టడం లేదు, పట్టమని అడగాలి. నకాషీ పటం ఒకటి పూర్తిగా పరిచి, కథ చెప్పేవాళ్లను కూడా పిలిపించి, రెండు గంటల కథ. మాసబ్ ట్యాంక్‌లో చదువుకుని ఈ వైపు ఇళ్లకు తిరిగొచ్చే పిల్లల డిగ్రీ షో. హబ్సిగూడ ల్యాబుల్లో మైక్రోస్కోపు కింద తీసే ఫోటోలు. పాల ఫ్యాక్టరీ గేటు దగ్గర తెల్లవారుజామున నిలబడి ఎవరైనా స్కెచ్‌లు వేస్తే అవి.

నేను అడిగేది ఇది. నెలలో ఒకే శనివారం, సాయంత్రం అయిదు నుంచి తొమ్మిది దాకా, మీరందరూ ఒకేసారి తలుపులు తెరవండి. మెట్టుగూడ, తార్నాక, హబ్సిగూడ, ఎన్‌జీఆర్‌ఐ, స్టేడియం, ఉప్పల్ స్టేషన్లన్నీ ఒకే లైను మీద ఉన్నాయి. ఒకచోట చూసి, రెండు స్టేషన్లు దాటి ఇంకోచోట చూడొచ్చు. లాలాపేట్‌కు తార్నాకలో, నాచారానికి హబ్సిగూడలో దిగి ఆటో ఎక్కితే సరి. ఉప్పల్ స్టేడియంలో మ్యాచ్ ఉన్న శనివారం మాత్రం వద్దు, ఆ రోడ్డు మీద బండి కదలదు.

మొదటిది జనవరిలో, సంక్రాంతి సెలవులు అయ్యాక పెట్టుకుందాం. వాన భయం ఉండదు, సాయంత్రాలు చల్లగా ఉంటాయి, ఊళ్లకు పోయినవాళ్లు తిరిగొచ్చి ఉంటారు. అంతకన్నా ముందు, డిసెంబరులో ఒక ఆదివారం ఉదయం మీలో ఎవరి హాల్లోనైనా కూర్చుందాం. వచ్చేటప్పుడు మీ గోడల కొలతలు, కిటికీలు ఏ దిక్కున ఉన్నాయో, పైన స్లాబు ఎంత ఎత్తులో ఉందో రాసుకొని రండి. ఒప్పందం నమూనా నేను తెస్తాను. బొమ్మలు తేవడం, ఎక్కించడం, దించడం మేము చూసుకుంటాం.

ఇట్లు,
లాలాపేట్ వాసి, డ్రాయింగ్ టీచర్